తిరుత్తణి మెట్లు, తిరువళ్ళూరు అమావాస్య



ఈ రోజుల్లో పిల్లలు ఇష్టపడి చదివే కాల్పనిక నవలల్లో రచయితలు కొత్త కొత్త లోకాలను సృష్టిస్తున్నారు. ఆ లోకాలకు కొండలు, నదులు, రాజ్యాలు కల్పించి, చివరికి దేవుళ్ళను కూడా వాళ్ళే తయారు చేస్తున్నారు. కాలానికీ యాత్రకూ కలిపి ఒకే దేవుడుంటే ఎలా ఉంటుందన్న ఊహ కూడా అలాంటిదే. ముచ్చటైన ఊహ. కానీ చెన్నపట్నంలో రేణిగుంట వైపు వెళ్ళే రైలెక్కి సుమారు రెండు గంటలు కూర్చుంటే ఆ దేవుణ్ణి ఊహించుకోవలసిన అవసరం ఉండదు. కళ్ళారా చూడవచ్చు, కాళ్ళతో కొలవవచ్చు. ఆయన తిరుత్తణి సుబ్రహ్మణ్యస్వామి. అదే దారిలో, సగం దూరంలో తిరువళ్ళూరు వీరరాఘవస్వామి ఉన్నారు. ఈ ఇద్దరు దేవుళ్ళూ మన తెలుగువాళ్ళ ఇళ్ళలో రోజుల లెక్కను ఎలా పట్టి ఉంచారో ఈ ప్రసంగంలో చెప్పుకుందాం.

తిరుత్తణి కొండ మరీ ఎత్తయినదేమీ కాదు. గుడికి 365 మెట్లు. ఒక్కో మెట్టు ఏడాదిలో ఒక్కో రోజని భక్తుల నమ్మకం. మొక్కుకున్న ఆడవాళ్ళు కింది మెట్టు నుంచి పై మెట్టు దాకా ఒక్కోదానికీ పసుపు రాసి, కుంకుమ బొట్టు పెట్టి, కర్పూరం వెలిగిస్తూ ఎక్కుతారు. నడుము వంచి ఒక్కో రోజుకూ బొట్టు పెట్టడం మాటలు కాదు. నూరు మెట్లు దాటేసరికి పెట్టేవాళ్ళకే తెలుస్తుంది, ఏడాది అంటే ఎంత పొడవో! ఇప్పుడు కొండపైకి రోడ్డు ఉంది, కార్లూ బస్సులూ పైదాకా వెళతాయి. అయినా మొక్కు మాత్రం మెట్లకే.

ఈ మెట్లకు పెద్ద పండుగ డిసెంబరు 31 రాత్రి. మన ఉగాది కాదు, తమిళుల చిత్తిరై మొదటి తేదీ కాదు, ఇంగ్లీషు సంవత్సరాది! దీని వెనుక ఒక కథ ఉంది. ఇంగ్లీషువాళ్ళ పాలనలో జనవరి 1న మన పెద్దమనుషులు పూలదండలూ నిమ్మకాయలూ పట్టుకుని దొరల బంగళాల ముందు వరసలో నిలబడేవారు. వళ్ళిమలై సచ్చిదానందస్వామి అనే సాధువు ఇది చూసి బాధపడి, ఆ రోజు దర్శనం చేసుకోవలసిన దొర వేరే ఉన్నాడని చెప్పి జనాన్ని తిరుత్తణి కొండకు మళ్ళించారట. అరుణగిరినాథుల తిరుప్పుగళ్ కీర్తనలు మెట్టుకొకటి పాడుతూ ఎక్కే ఆచారాన్ని ఆయనే పెట్టారు. ఇరవయ్యో శతాబ్దం తొలి భాగంలో మొదలైన ఆ పద్ధతి ఇప్పటికీ సాగుతోంది. పరాయివాడి తేదీని తీసుకుని దాన్నే స్వామికి అప్పగించిన ఆ సాధువు తెలివికి నేను ముచ్చటపడతాను. తేదీతో పోట్లాడలేదు, దిక్కు మార్చాడు.

మెట్లకు కాలాన్ని కట్టడం ఒక్క తిరుత్తణిలోనే కాదు. కుంభకోణం దగ్గర స్వామిమలైలో 60 మెట్లున్నాయి. అవి ప్రభవ, విభవ మొదలైన 60 సంవత్సరాలు. ఆ పేర్లు మనకూ తమిళులకూ ఒకటే. కాని కుమారస్వామికే ఈ రోజులూ సంవత్సరాలూ ఎందుకు అని ఎవరైనా అడగవచ్చు. వ్యాసభారతంలో అరణ్యపర్వంలోని స్కందోపాఖ్యానంలో ఒక చిన్న ఘట్టం ఉంది. రోహిణికి చెల్లెలైన అభిజిత్తు, అక్కతో పంతం పట్టి, పెద్దరికం కోరి తపస్సుకు వెళ్ళిపోతుంది. ఆకాశంలో ఒక నక్షత్రం స్థానం ఖాళీ అయింది. ఇక కాలం లెక్క ఏమవుతుంది? ఇంద్రుడికి దిక్కు తోచలేదు. స్కందుడి దగ్గరికి వచ్చి, బ్రహ్మతో కలిసి ఈ కాలం సంగతి ఆలోచించమని అడుగుతాడు. ఆ మాట విని కృత్తికలు ఆకాశానికి వెళతారు. కుమారస్వామిని పెంచిన తల్లులు ఆ కృత్తికలే కదా. అంటే పంచాంగంలో చిక్కు వచ్చినప్పుడు దేవతలు వెళ్ళి తలుపు తట్టింది ఈయన ఇంటినే. మన ప్రాచీన నక్షత్ర పట్టికలు కూడా అశ్వినితో కాక కృత్తికతోనే మొదలవుతాయి.

స్వామి శూరపద్ముణ్ణి సంహరించిన తరువాత ఆ కోపం తణిగిన చోటు కాబట్టి తణిగై అయిందని, అదే తిరుత్తణి అయిందని స్థలపురాణం. మనం వాడే 'తనివి' అన్న మాట ఈ తణియడానికి చాలా దగ్గరగా వినిపిస్తుంది. ముత్తుస్వామి దీక్షితులు తన మొదటి కీర్తన 'శ్రీనాథాది గురుగుహో' పాడింది ఇక్కడేనని సంగీత లోకం చెప్పుకుంటుంది. మాజీ రాష్ట్రపతి సర్వేపల్లి రాధాకృష్ణన్ గారు 1888 సెప్టెంబరు 5న పుట్టిన ఊరు ఇదే. ఇవన్నీ మీకు తెలిసినవే కనుక ఇక్కడ ఆగను.

ఇప్పుడు అసలు చిక్కులోకి వస్తాను. 365 మెట్లన్నది సూర్యుడి లెక్క. ఇంకా సుమారు ఆరు గంటలు మిగులుతాయి, ఆ ఆరు గంటలూ దారి మంటపంలో కూర్చుని ఆయాసం తీర్చుకోవడానికి అనుకోండి. తమిళులది సౌరమానం. ఆ లెక్క కొండకు సరిగ్గా సరిపోయింది. మనది చాంద్రమానం. చంద్రుడి ఏడాదికి 354 రోజులే. కాబట్టి మన ఏడాది ఈ మెట్లు ఎక్కడం మొదలుపెడితే గుడికి 11 మెట్ల కిందే ఆగిపోతుంది. అధికమాసం వచ్చిన ఏడాది 384 రోజుల దాకా ఉంటుంది. అప్పుడు గుడి దాటి మరో 19 మెట్లు ఎక్కాలి, అక్కడ మెట్లు లేవు!

మరి మన చిత్తూరు, పుత్తూరు, నగరి, పళ్ళిపట్టు ప్రాంతాల తెలుగువాళ్ళు తరతరాలుగా పసుపు బట్టలు కట్టుకుని, పూల కావళ్ళు భుజాన పెట్టుకుని, హరోం హరా అంటూ ఈ కొండకు ఎలా వస్తున్నారు? ఏ పంచాంగం చూసుకుని వస్తున్నారు? వాళ్ళు వచ్చేది ఆడికృత్తికకు. ఈ పేరును కొంచెం విప్పి చూడండి. ఆడి అన్నది సూర్యుడు కర్కాటక రాశిలో ఉండే నెల, అది సౌరమానం. కృత్తిక అన్నది ఆ రోజు చంద్రుడు ఉండే నక్షత్రం. నెల సూర్యుడిది, రోజు చంద్రుడిది. రెండు లెక్కలూ తెలిసినవాడికే ఈ పండుగ ఎప్పుడో తెలుస్తుంది. చంద్రుడు 27 రోజుల పైచిలుకులో నక్షత్ర మండలమంతా చుట్టి వస్తాడు, ఆడి నెలకేమో 31 రోజులు. అందుకే ఒక్కోసారి ఆ నెలలో రెండు కృత్తికలు పడతాయి. 2025లో అలాగే జులై 20న ఒకటి, ఆగస్టు 16న ఒకటి వచ్చాయి. కావడి కట్టేది ఎప్పుడని ఇళ్ళలో పెద్ద చర్చ జరుగుతుంది అలాంటప్పుడు.

ఈ కొండ ఉన్న నేల చరిత్ర కూడా రెండు లెక్కల మధ్య నడిచిందే. 1911లో చిత్తూరు జిల్లా ఏర్పడినప్పుడు తిరుత్తణి అందులో ఉండేది. 1953లో ఆంధ్ర రాష్ట్రం వచ్చాక అది మాదంటే మాదని రెండు భాషలవాళ్ళూ ఉద్యమాలు చేశారు. తమిళుల వైపు మ. పొ. శివజ్ఞానం గారు ముందు నిలిచారు. పటాస్కర్ మధ్యవర్తిత్వం తరువాత 1959లో చట్టం వచ్చి, 1960 ఏప్రిల్ 1 నుంచి తిరుత్తణి మద్రాసు రాష్ట్రంలో చేరింది. బదులుగా సత్యవేడు వైపు గ్రామాలు చిత్తూరు జిల్లాకు వచ్చాయి. ఆ ఏప్రిల్ 1 గురించి ఒక చిన్న విశేషం. అప్పటికి కొద్ది రోజుల కిందటే మనకు ఉగాది వెళ్ళింది, తెలుగు ఇళ్ళలో శార్వరి సంవత్సరం మొదలైంది. తమిళ ఇళ్ళలో ఇంకా వికారి నడుస్తోంది. ఊరు రాష్ట్రం మారిన రోజు ఏ సంవత్సరమో కూడా పక్కపక్క ఇళ్ళవాళ్ళు ఒకే మాట చెప్పలేరన్నమాట. ఇది ఇప్పటికీ ఏటా జరుగుతుంది. 2025లో మార్చి 30న మనకు విశ్వావసు వచ్చింది, తమిళులకు ఏప్రిల్ 14న వచ్చింది. ఆ రెండు వారాలూ ఒక గోడకు ఇటు విశ్వావసు, అటు క్రోధి.

1997లో తిరువళ్ళూరు కొత్త జిల్లా అయింది. తిరుత్తణి ఇప్పుడు ఆ జిల్లాలోదే. కనుక మన కథలో కూడా కొండ దిగి తిరువళ్ళూరు వెళదాం. దక్షిణ భారతంలో తొలి ప్రయాణికుల రైలు మార్గం 1856లో మద్రాసు రాయపురం నుంచి వాలాజా రోడ్డు దాకా వేశారు. అది ఈ తిరువళ్ళూరు మీదుగానే వెళ్ళింది. యాత్రికులకు అది గొప్ప వరమైంది.

తిరువళ్ళూరు వీరరాఘవస్వామి గుడి నూట ఎనిమిది దివ్యదేశాల్లో ఒకటి. మన అహోబిలం పేరు మీద వెలసిన అహోబిల మఠమే దాని నిర్వహణ చూస్తుంది. ఇక్కడి స్థలపురాణం నాకు మహా ఇష్టం. శాలిహోత్రుడనే మహర్షి ఏడాది పొడవునా ఉపవాసం ఉండి తపస్సు చేసి, తై అమావాస్య నాడు పిండి నైవేద్యం పెట్టి అతిథి కోసం చూశాడు. ఒక ముసలాయన వచ్చాడు. పెట్టిందంతా తిన్నాడు. ఆకలి తీరలేదన్నాడు. మహర్షి తన భాగం కూడా పెట్టేసి, తాను మళ్ళీ ఏడాది ఉపవాసానికి కూర్చున్నాడు. మరుసటి తై అమావాస్యకు ఆ ముసలాయనే మళ్ళీ వచ్చాడు. అంతా తిని, ఇక అలసటగా ఉంది, పడుకోవడానికి ఏ గది అని అడిగాడు. తమిళంలో ఆ ప్రశ్న 'ఎవ్వుళ్'. అదే ఊరి పాత పేరు. మహర్షి తన కుటీరం చూపించాడు. చూస్తే పడుకుని ఉన్నది శ్రీమన్నారాయణుడు. ఇప్పటికీ గర్భగుడిలో స్వామి పడుకునే ఉంటాడు, కుడి చెయ్యి శాలిహోత్రుడి తల మీద ఉంటుంది.

ఈ కథలో యాత్రికుడు భక్తుడు కాదు, దేవుడే! అలసిపోయి వచ్చి, రాత్రికి చోటడిగినవాడు దేవుడు. అందుకే కాబోలు, అమావాస్యకు వచ్చే జనం ముందురోజు రాత్రికే చేరుకుని, గుడి చుట్టుపక్కల దొరికిన చోట పడుకుంటారు. తెల్లవారి హృత్తాపనాశిని కోనేటిలో స్నానం చేస్తారు. బెల్లం తెచ్చి నీళ్ళలో వేస్తారు, అది కరిగినట్టే ఒంట్లో జబ్బు కరగాలని. స్వామికి వైద్య వీరరాఘవుడన్న పేరు కూడా ఉంది. పెద్దలకు తర్పణాలు వదులుతారు.

తిరుత్తణిలో మెట్ల మీద ఉన్న లెక్క తమిళులకు సరిపోయి మనకు సరిపోలేదని చెప్పాను. తిరువళ్ళూరులో ఆ తేడా లేదు. అమావాస్య ఎవరికైనా అమావాస్యే. తమిళుల తై అమావాస్య మన పుష్య బహుళ అమావాస్య. గోదావరి జిల్లాలవాళ్ళు ఆ రోజును చొల్లంగి అమావాస్య అంటారు, కాకినాడ దగ్గర చొల్లంగిలో సముద్ర స్నానాలు చేస్తారు. అక్కడ సముద్రంలో మునిగేవాళ్ళూ, ఇక్కడ కోనేట్లో మునిగేవాళ్ళూ ఒకే తెల్లవారుజామున మునుగుతున్నారు, ఒకరి సంగతి ఒకరికి తెలియదు. అలాగే ఆడి అమావాస్య సాధారణంగా మన ఆషాఢ బహుళ అమావాస్య, చుక్కల అమావాస్య.

అమావాస్యలతోనే అన్నీ తీరిపోతే ఇంత ప్రసంగం అక్కర్లేదు. కష్టం వచ్చేది తిథి దగ్గర. తద్దినం పెట్టేటప్పుడు తెలుగువాళ్ళు చాంద్రమాన మాసం, పక్షం, తిథి చూస్తారు. తమిళులు తిథిని చంద్రుడి నుంచే తీసుకున్నా, నెలను మాత్రం సూర్యుడి నుంచి తీసుకుంటారు. ఒక ఉదాహరణ చెబుతాను. ఒక తండ్రి ఆడి నెలలో వచ్చిన శ్రావణ శుద్ధ పంచమి నాడు కాలం చేశారనుకుందాం. పెద్దకొడుకు పుత్తూరులో ఉన్నాడు, తెలుగు పంచాంగం చూస్తాడు. చిన్నకొడుకు తిరువళ్ళూరులో స్థిరపడ్డాడు, గోడకు రోజుకో కాగితం చించే తమిళ క్యాలెండరు ఉంది. అందులో ఆడి నెల, వళర్‌పిరై పంచమి అని చూసుకుంటాడు. చాలా ఏళ్ళు ఇద్దరికీ ఒకే రోజు వస్తుంది. తేడా ఉందన్న సంగతే ఇద్దరికీ తెలియదు.

2023 వచ్చింది. ఆ ఏడాది ఆడి నెల మొదట్లో జులై 17న ఒక అమావాస్య, చివర్లో ఆగస్టు 16న మరో అమావాస్య పడ్డాయి. ఒకే సౌరమాసంలో రెండు అమావాస్యలు పడితే, ఆ రెంటి మధ్య నెల మన పంచాంగంలో అధికమాసం అవుతుంది. అలా అధిక శ్రావణం వచ్చింది. నిజ శ్రావణ శుద్ధ పంచమి ఆగస్టు 21న వచ్చింది. అప్పటికి ఆడి వెళ్ళిపోయి తమిళులకు ఆవణి నెల మొదలైంది. తమిళ క్యాలెండరులోని ఆడి పంచమి జులైలోనే అయిపోయింది. తమ్ముడు జులైలో పెట్టేశాడు, అన్న ఆగస్టులో పెట్టాడు. ఫోనులో ఒకరినొకరు తప్పుపట్టుకున్నారు కూడా అనుకోండి. ఎవరిది తప్పు?

నన్నడిగితే ఎవరిదీ తప్పు కాదంటాను. సూర్యుడూ తప్పలేదు, చంద్రుడూ తప్పలేదు. వంశంలో ఏ పద్ధతి వస్తోందో అది పాటించాలి, అంతే. దీనికి పురోహితుల దగ్గర సమాధానం ఉంది. ఇంతకంటే నన్ను కలవరపెట్టే సంగతి వేరే ఉంది. ఆ తమ్ముడి కొడుక్కి శ్రావణం అన్న మాట తెలియదు. చైత్రం, వైశాఖం వరసగా చెప్పమంటే చెప్పలేడు. బడిలో తమిళం చదివాడు. తమిళనాడులో 2006లో వచ్చిన చట్టం ప్రకారం బడుల్లో తమిళం తప్పనిసరి అయింది. ఉన్న ఊరి భాష నేర్చుకోవడం మంచిదే, నేర్చుకోవాలి కూడా. అయితే ఇంట్లో చెప్పవలసినది ఇంట్లో చెప్పలేదు. తాతగారు ఏ రోజు పోయారని అడిగితే ఇంగ్లీషు తేదీ చెబుతాడు. ఆ తేదీని పట్టుకుని తిథి రాబట్టవచ్చు, పాత పంచాంగాలు దొరుకుతాయి. కానీ ఏ పూట పోయారో తెలియకపోతే అదీ కష్టమే. తిథి అర్ధరాత్రికే మారాలని లేదు, పగలైనా రాత్రైనా ఏ వేళలోనైనా మారుతుంది. ఉదయం చవితి, సాయంత్రం పంచమి కావచ్చు.

తిథి తెలియని పెద్దలకు మహాలయ అమావాస్య నాడు పెట్టుకోవచ్చని సంప్రదాయం వెసులుబాటు ఇచ్చింది. తిరువళ్ళూరు కోనేటి గట్టు మీద ఆ రోజు నువ్వులూ నీళ్ళూ వదిలేవాళ్ళలో ఇలాంటివాళ్ళు ఎందరో ఉంటారు. దారి తప్పినవాడికి చోటిచ్చిన ఊరు కదా, లెక్క తప్పినవాళ్ళకూ చోటిస్తుంది. అయితే లెక్క తెలిసినవాళ్ళు ఇంకా ఇంట్లో ఉండగానే దాన్ని పోగొట్టుకోవడం ఎందుకు? తిరుత్తణి, పళ్ళిపట్టు, ఊత్తుకోట, గుమ్మిడిపూండి ప్రాంతాల్లో ఎనభై ఏళ్ళ తెలుగు అవ్వలు ఇప్పటికీ రెండు నెలల పేర్లూ తడుముకోకుండా చెబుతారు. ఆవిడ పెళ్ళి వైశాఖంలో జరిగింది, మనవడు ఐప్పసి నెలలో పుట్టాడు, వాళ్ళాయన కావడి ఎత్తింది ఆడికృత్తికకు, పడిపూజకు వెళ్ళింది జనవరి ఒకటికి. ఒకే మనిషి నోట మూడు పంచాంగాలు. ఏ పండితుడూ నేర్పింది కాదు అది, ఈ రెండు గుళ్ళకూ తిరిగి తిరిగి వచ్చిన లెక్క.

కనుక ఇళ్ళలో ఒక చిన్న పని చేయండి. ఒక నోటుబుక్కు తీసుకుని, ఇంట్లో పోయినవాళ్ళ పేర్లు రాయండి. పేరు పక్కన ఇంగ్లీషు తేదీ, పోయిన వేళ, తెలుగు సంవత్సరం, మాసం, పక్షం, తిథి రాయండి. ఆ పక్కనే తమిళ నెల కూడా రాయండి. మీ ఇంట్లో తద్దినం ఏ లెక్క ప్రకారం పెడుతున్నారో ఒక్క వాక్యంలో రాయండి. పిల్లలకు తెలుగు చదవడం రాకపోతే తమిళ లిపిలోనైనా సరే, శ్రావణ శుద్ధ పంచమి అనే రాయండి. వచ్చే అమావాస్యకు తిరువళ్ళూరు వెళ్ళేవాళ్ళు ముందురోజు సాయంత్రానికే చేరుకుంటారు. నిద్రపట్టేదాకా పెద్దవాళ్ళను కూర్చోబెట్టి అడగడానికి బోలెడంత సమయం దొరుకుతుంది. పుస్తకం, పెన్ను మరచిపోకుండా సంచిలో పెట్టుకోండి.